గడప లోపలి సమానత్వం: ఎలిజబెత్ సెల్బర్ట్ జీవితం

1948లో జర్మనీలో పెళ్ళయిన స్త్రీ పరిస్థితి తెలియాలంటే, 1900 జనవరి 1న అమల్లోకి వచ్చిన ఆ దేశపు పౌరస్మృతిని తిరగేయాలి. కాపురం ఏ ఊళ్ళో ఉండాలి, ఏ ఇంట్లో ఉండాలి అన్నది భర్త నిర్ణయం. భార్య పుట్టింటి నుంచి తెచ్చుకున్న ఆస్తి పేరుకు ఆమెదే అయినా, దాని నిర్వహణా దానిపై వచ్చే రాబడీ భర్తవి. ఆమె బయట ఉద్యోగంలో చేరితే, అది సంసారానికి అడ్డు వస్తోందని చెప్పి, న్యాయస్థానం అనుమతితో ఆ ఒప్పందాన్ని భర్త రద్దు చేయవచ్చు. పిల్లల చదువు మీదో పెంపకం మీదో దంపతులకు మాట కలవకపోతే తండ్రి మాటే చెల్లుతుంది. ఈ నియమాలన్నీ చక్రవర్తి పాలనలో పుట్టాయి. చక్రవర్తి పోయాడు, వైమార్ గణతంత్రం వచ్చి పోయింది, నాజీల పన్నెండేళ్ళూ ముగిశాయి. చాలావరకు ఆ నియమాలు మాత్రం అలాగే ఉండిపోయాయి.

బయటి ప్రపంచం అప్పటికే తలకిందులైంది. లక్షలాది మగవాళ్ళు యుద్ధంలో చనిపోయారు, మరెందరో యుద్ధఖైదీలుగా ఉన్నారు. జనాభాలో పురుషుల కంటే స్త్రీలు సుమారు 70 లక్షల మంది ఎక్కువ. కూలిన ఇళ్ళ రాళ్ళను ఎత్తినవారూ, పొలాలు దున్నినవారూ, ట్రాములు నడిపినవారూ, బొగ్గుకూ బంగాళాదుంపలకూ వరుసల్లో నిలబడి పిల్లలను బతికించినవారూ స్త్రీలే. జర్మన్ స్త్రీకి ఓటు హక్కు 1918 నవంబరులోనే దక్కింది. పోలింగు కేంద్రంలో ఆమె ఓటూ భర్త ఓటూ సమానమే. ఓటు వేసి ఇంటి గడప దాటి లోపలికి అడుగుపెట్టగానే ఆ సమానత్వం ఆగిపోయేది. ఈ గడప దగ్గరే పోరాటం జరగాలని గుర్తించిన న్యాయవాది ఎలిజబెత్ సెల్బర్ట్. మంత్రి పదవి ఏనాడూ దక్కకపోయినా, ఇరవయ్యో శతాబ్దపు జర్మన్ కుటుంబ విధానంపై ఆమె వేసినంత లోతైన ముద్ర వేసినవారు ఆ శాఖ మంత్రుల్లో సైతం అరుదు.

ఆమె 1896 సెప్టెంబరు 22న కాసెల్ నగరంలో, సాధారణ కుటుంబంలో పుట్టింది. తండ్రి రోడే న్యాయశాఖలో చిన్న ఉద్యోగి. నలుగురు ఆడపిల్లల్లో ఆమె రెండోది. ఉపాధ్యాయురాలు కావాలన్నది ఆమె కోరిక, కాని అంత చదివించే స్థోమత ఇంట్లో లేదు. వాణిజ్య పాఠశాలలో కొంత చదివి, ఎగుమతి దిగుమతుల కంపెనీలో విదేశీ ఉత్తరప్రత్యుత్తరాలు చూసే ఉద్యోగంలో చేరింది. 1914లో యుద్ధం మొదలవడంతో ఆ ఉద్యోగం పోయింది. తరువాత తపాలా శాఖ టెలిగ్రాఫ్ విభాగంలో సహాయకురాలైంది. పంతొమ్మిదో శతాబ్దపు చివరి దశకంలో పుట్టిన వేలాది జర్మన్ యువతుల కథ ఇక్కడితో ఆగి, పెళ్ళితో ముగిసేది.

1918 నవంబరు విప్లవకాలంలో ఆమెకు ఆడమ్ సెల్బర్ట్ పరిచయమయ్యాడు. అతడు ముద్రణాలయ కార్మికుడు, సోషల్ డెమోక్రాట్, కాసెల్ పక్కనే ఉన్న నీడర్‌జ్వేరెన్‌లో కార్మిక సైనిక మండలికి నాయకుడు. స్త్రీలకు కొత్తగా ఓటు వచ్చింది కనుక వారిని రాజకీయాల్లోకి తీసుకురావాలని, మాట్లాడాలని ఆమెను ప్రోత్సహించినవాడు అతడే. 1918 చివర ఆమె సోషల్ డెమోక్రాటిక్ పార్టీలో చేరింది. మరుసటి ఏడాది స్థానిక మండలికి ఎన్నికై అక్కడి ఆర్థిక సంఘంలో పనిచేసింది. 1920లో వారి పెళ్ళి జరిగింది. తరువాత ఇద్దరు కొడుకులు పుట్టారు.

రాజకీయాల్లో కొద్దికాలం తిరిగేసరికి ఆమెకు ఒక సంగతి స్పష్టమైంది. వేదికల మీద ఎంత మాట్లాడినా, చట్టం చదవనివారి మాటకు శాసనసభల్లో విలువ తక్కువ. అప్పటికి ఆమెకు బడి చదువు పూర్తి చేసిన పత్రమే లేదు. ఇద్దరు పిల్లల తల్లిగా, ఇంటి పనీ పార్టీ పనీ చూసుకుంటూ, ప్రైవేటుగా చదివి 1925లో ఉన్నత పాఠశాల తుది పరీక్ష గెలిచింది. ఆ మరుసటి ఏడాది మార్బుర్గ్ విశ్వవిద్యాలయంలో న్యాయశాస్త్రంలో చేరింది. అక్కడి నుంచి గోట్టింగెన్ వెళ్ళేసరికి, సుమారు 300 మంది న్యాయ విద్యార్థుల్లో స్త్రీలు అయిదుగురే. భర్తా పుట్టింటివారూ పిల్లలను చూసుకోబట్టి ఆ చదువు సాగింది. ఆరు సెమిస్టర్లలో చదువు ముగించి, 1930లో డాక్టరేటు పొందింది.

ఆ సిద్ధాంత వ్యాసం ఆమె జీవితానికి తాళంచెవి వంటిది. దాంపత్యం విచ్ఛిన్నం కావడాన్నే విడాకులకు కారణంగా గుర్తించాలన్నది దాని విషయం. అప్పటి చట్టం ప్రకారం విడాకులు కావాలంటే ఎదుటివారి దోషం నిరూపించాలి: వ్యభిచారం, ప్రాణం తీసే ప్రయత్నం, దురుద్దేశంతో విడిచిపెట్టి పోవడం, వివాహ ధర్మాన్ని ఘోరంగా ఉల్లంఘించడం. దోషంతో నిమిత్తం లేని కారణం ఒక్కటే, జీవిత భాగస్వామికి దీర్ఘకాలంగా ఉన్న మానసిక వ్యాధి. అందువల్ల విడిపోదలచిన దంపతులు న్యాయస్థానంలో ఒకరి మీద ఒకరు బురద చల్లుకోక తప్పేది కాదు. పడకగది సంగతులు సాక్ష్యాలయ్యేవి. దోషిగా తేలిన భార్యకు భరణం పోయేది, పిల్లలూ దక్కకుండా పోయేవారు. సొంత ఆదాయం లేని స్త్రీకి ఇది ఎంత భయంకరమైన పందెమో ఊహించుకోవచ్చు. దానికి భయపడి ఎందరో నోరు మూసుకుని ఉండిపోయేవారు.

సెల్బర్ట్ ప్రశ్నను మార్చింది. తప్పెవరిదన్నది కాదు, ఈ పెళ్ళి ఇంకా బతికి ఉందా లేదా అన్నది న్యాయమూర్తి చూడాలని ఆమె వాదించింది. ప్రాణం పోయిన సంబంధాన్ని దోషనిర్ణయం బతికించలేదు, పోతూపోతూ ఇద్దరి పరువూ తీయగలదు, అంతే. 1930లో ఈ వాదనను పట్టించుకున్నవారు తక్కువ. చిత్రమేమిటంటే, 1938లో నాజీ ప్రభుత్వం తెచ్చిన వివాహ చట్టంలో, మూడేళ్ళు విడిగా ఉన్న దంపతులకు విచ్ఛిన్నం ప్రాతిపదికన విడాకులిచ్చే నియమం ఒకటి చేరింది. అయితే వారి ఆలోచన వేరు. పిల్లలు పుట్టని పెళ్ళిళ్ళు రద్దయితే మళ్ళీ పెళ్ళిళ్ళు జరిగి జనాభా పెరుగుతుందన్నది వారి లెక్క. సెల్బర్ట్ ప్రతిపాదనకు మూలమైన మానవ గౌరవానికి ఆ లెక్కలో చోటు లేదు.

1933 మార్చిలో ఆమె జాతీయ పార్లమెంటుకు అభ్యర్థిగా నిలబడింది. అప్పటికే హిట్లర్ అధికారంలో ఉన్నాడు. కొద్ది నెలల్లో ఆడమ్ ఉద్యోగం పోయింది. అతడిని అరెస్టు చేసి, కాసెల్ సమీపంలోని బ్రైటెనావ్ నిర్బంధ శిబిరంలో కొంతకాలం ఉంచారు. విడుదలయ్యాక సైతం అతడికి పని దొరికే ఆశ లేదు. ఇల్లు గడవాలంటే ఆమె న్యాయవాది కావాలి. కొత్త పాలకులేమో స్త్రీలను న్యాయవృత్తి నుంచి వెళ్ళగొట్టే పనిలో ఉన్నారు. 1934లో తుది పరీక్ష గెలిచి ఆమె దరఖాస్తు చేసింది. స్థానిక నాజీ న్యాయవాదుల సంఘం అభ్యంతరం చెప్పింది. ఉన్నత న్యాయస్థానపు అధ్యక్షుడు ఊళ్ళో లేని సమయంలో, ఆయన స్థానంలో ఉన్న పాతతరం న్యాయమూర్తులిద్దరు ఆమె అనుమతిపత్రంపై సంతకం చేశారు. అది డిసెంబరు నడుమ జరిగింది. ఆ నెల గడవకముందే కొత్తగా స్త్రీలను న్యాయవాదులుగా చేర్చుకోరాదన్న నియమం అమల్లోకి వచ్చింది. ఆ తలుపు మూసుకునే లోపల దూరిన చివరి స్త్రీలలో ఆమె ఒకతె.

ఆమె ప్రాక్టీసు మొదలైనది యూదు న్యాయవాదులు ఖాళీ చేయవలసివచ్చిన కార్యాలయంలో. ఆ కాలపు జర్మనీలో ఒకరి బతుకుతెరువు మరొకరి నష్టంతో ఎలా ముడిపడి ఉండేదో చెప్పే ఈ వివరాన్ని ఆమె జీవితకథ నుంచి తీసివేయకూడదు. పదేళ్ళపాటు ఇంటిని పోషించినది ఆ ప్రాక్టీసే. ఎక్కువగా కుటుంబ వ్యాజ్యాలే. విశ్వవిద్యాలయంలో సిద్ధాంతంగా రాసినది ఇక్కడ ఆమె కళ్ళెదుట రోజూ మనుషుల రూపంలో కూర్చునేది. 1943 అక్టోబరు 22 రాత్రి బాంబుదాడిలో కాసెల్ నగరం కాలిపోయింది. ఆ కార్యాలయమూ బూడిదైంది.

యుద్ధం ముగిశాక, నాజీ పార్టీతో సంబంధం లేని న్యాయవాదులను వెతుకుతున్న అమెరికన్ అధికారులు ఆమెకు మళ్ళీ అనుమతి ఇచ్చారు. 1946లో హెస్సె రాష్ట్ర రాజ్యాంగాన్ని రాసిన సభలో సభ్యురాలైంది. ఆ తరువాత 1958 వరకూ హెస్సె శాసనసభలో ఉంది. పార్టీ కేంద్ర కార్యవర్గంలోనూ చోటు దొరికింది. 1948లో పశ్చిమ జర్మనీకి రాజ్యాంగం రాయడానికి బాన్ నగరంలో పార్లమెంటరీ కౌన్సిల్ ఏర్పాటవుతున్నప్పుడు, ఆమె పేరును సొంత రాష్ట్రం పంపలేదు. పార్టీ నాయకుడు కుర్ట్ షూమాఖర్ పూనికతో పొరుగున ఉన్న లోయర్ సాక్సనీ రాష్ట్రం తరఫున ఆమె వెళ్ళవలసివచ్చింది.

ఆ కౌన్సిల్‌లో ఓటు హక్కు గల సభ్యులు 65 మంది. వారిలో స్త్రీలు నలుగురు: సెల్బర్ట్, ఆమె పార్టీకే చెందిన ఫ్రీడరికె నాడిగ్, క్రిస్టియన్ డెమోక్రాట్ హెలెనె వేబర్, కాథలిక్ సెంటర్ పార్టీకి చెందిన హెలెనె వెసెల్. అధ్యక్షుడు కోన్రాడ్ అడెనావర్. 1948 సెప్టెంబరు 1న సమావేశాలు మొదలయ్యాయి. సెల్బర్ట్ అక్కడికి వెళ్ళినది ప్రధానంగా న్యాయవ్యవస్థ గురించి పనిచేయడానికి. రాజ్యాంగ న్యాయస్థానం ఎలా ఉండాలి, న్యాయమూర్తుల స్వాతంత్ర్యాన్ని ఎలా కాపాడాలి అన్న చర్చల్లో ఆమె పాలుపంచుకుంది. రెండు యుద్ధాలు చూశాక, స్త్రీపురుష సమానత్వం గురించి కొత్తగా వాదించవలసిన అవసరం ఉంటుందని తాను అనుకోలేదని ఆమె తరువాతి కాలంలో చెప్పుకుంది.

ముసాయిదాలో ఉన్న మాటలు చూశాక ఆమెకు ప్రమాదం తెలిసింది. 1919 నాటి వైమార్ రాజ్యాంగంలోని 109వ అధికరణం స్త్రీపురుషులకు సూత్రరీత్యా ఒకే పౌర హక్కులూ బాధ్యతలూ ఉంటాయని చెప్పింది. కొత్త ముసాయిదా దాదాపు ఆ మాటలనే మళ్ళీ ఎత్తుకుంది. వినడానికి బాగానే ఉంటుంది. కాని ఆ వాక్యంలో ‘పౌర’ అన్న విశేషణం గడప దగ్గర నిలబడిన కాపలాదారు. ఓటు వేయడం, పదవికి పోటీ చేయడం, ప్రభుత్వోద్యోగం చేయడం పౌర హక్కులు. కాపురం, ఆస్తి, పిల్లలు, విడాకులు పౌర హక్కుల్లోకి రావు. అందువల్లే వైమార్ రాజ్యాంగం అమల్లో ఉన్న పద్నాలుగేళ్ళలో కుటుంబ చట్టం ఒక్క అంగుళం కదలలేదు. ఏ విశేషణమూ లేకుండా స్త్రీపురుషులు సమాన హక్కులు గలవారని చెప్పే వాక్యం కావాలని సెల్బర్ట్ పట్టుబట్టింది. జర్మన్ భాషలో అది అయిదే మాటలు.

ఆ వాక్యానికి మొదటి అభ్యంతరం సొంత పార్టీవారి నుంచే వచ్చింది. నాడిగ్ సైతం మొదట సందేహించింది. కారణం స్త్రీద్వేషం కాదు, చట్టపరమైన భయం. ఆ వాక్యం రాజ్యాంగంలో చేరిన మరుక్షణం పౌరస్మృతిలోని కుటుంబ విభాగంలో ముఖ్యమైన నియమాలెన్నో రాజ్యాంగ విరుద్ధమవుతాయి. వాటి స్థానంలో పెట్టడానికి కొత్త చట్టం సిద్ధంగా లేదు. పెళ్ళిళ్ళూ ఆస్తి పంపకాలూ ఏ నియమం ప్రకారం నడవాలి? ఈ ప్రశ్నకు సెల్బర్ట్ దగ్గర జవాబు ఉంది. పాత నియమాలు కొంతకాలం కొనసాగవచ్చు, కాని ఆ కాలానికి ఒక గడువు ఉండాలి. ఈలోగా పార్లమెంటు కొత్త చట్టం చేసుకోవాలి. అదే తరువాత రాజ్యాంగంలో 117వ అధికరణమైంది. గడువు 1953 మార్చి 31. చూడటానికి అది రాయితీలా కనిపిస్తుంది. నిజానికి ఆ వాక్యానికి పదును పెట్టినది ఈ తేదీయే. గడువు లేని వాగ్దానం ఏమవుతుందో వైమార్ కాలం చూపించింది.

1948 డిసెంబరు 3న ప్రధాన సంఘం ఆమె ప్రతిపాదనను తిరస్కరించింది. క్రిస్టియన్ డెమోక్రాట్లు మరొక రూపం సూచించారు: చట్టం సమానమైనవాటిని సమానంగా చూడాలి, భిన్నమైనవాటిని వాటి స్వభావాన్ని బట్టి చూడవచ్చు. స్త్రీ స్వభావం ఏమిటో నిర్ణయించేది ఎవరన్న ప్రశ్నను ఆ వాక్యం తనలోనే దాచుకుంది. తన ప్రతిపాదన వీగిపోతే దేశంలోని స్త్రీలందరికీ ఈ సంగతి చెబుతానని సెల్బర్ట్ ఆ సంఘంలోనే హెచ్చరించింది. ఆ మాట ప్రకారమే ఊరూరా తిరిగి సభల్లో మాట్లాడింది. స్త్రీల సంఘాలు, కార్మిక సంఘాల మహిళా విభాగాలు, శాసనసభల్లోని స్త్రీలు బాన్‌కు ఉత్తరాలు, తీర్మానాలు పంపారు. ఆ ఉత్తరాలు బట్టల బుట్టల నిండా వచ్చిపడ్డాయన్న జ్ఞాపకం ఆ తరువాత జర్మనీలో ఇతిహాసంగా స్థిరపడింది.

ఆ ఇతిహాసం వెనుక ఉన్న సంగతులను కారిన్ గిల్లె-లిన్నె 2011లో ప్రచురించిన పరిశోధన గ్రంథం జాగ్రత్తగా విప్పి చూపిస్తుంది. స్త్రీల ఆగ్రహం ఒక్కసారిగా దానంతటదే పొంగలేదు. లండన్ ప్రవాసం నుంచి తిరిగివచ్చి పార్టీలో మహిళా కార్యదర్శిగా పనిచేస్తున్న హెర్టా గోట్‌హెల్ఫ్ తన పరిచయాలన్నిటినీ కదిపింది. పార్టీల హద్దులు దాటి స్త్రీల సంఘాలను కలుపుకుపోయింది. ప్రచారం పార్టీ ముద్ర లేకుండా సాగితేనే మిగతావారు చేతులు కలుపుతారని గోట్‌హెల్ఫ్‌కూ సెల్బర్ట్‌కూ తెలుసు. ఎన్ని ఉత్తరాలు వచ్చాయన్న దానికంటే, ఒక్కొక్క ఉత్తరం వెనుక ఎంతమంది ఉన్నారన్నది ముఖ్యం. పెద్ద సంఘం పేరుతో వచ్చిన ఒక్క తీర్మానం వేల సంతకాలకు సమానం. 1949 వేసవిలో మొదటి ఎన్నికలు రాబోతున్నాయి, ఓటర్లలో ఎక్కువమంది స్త్రీలు. ఆ లెక్క బాన్‌లో అందరికీ అర్థమైంది.

1949 జనవరి 18న అదే ప్రధాన సంఘం అదే వాక్యాన్ని ఏకగ్రీవంగా ఆమోదించింది. తరువాత దేశాధ్యక్షుడైన లిబరల్ నాయకుడు థియొడోర్ హోయస్, ఈ చిన్న తుఫాను తమ అభిప్రాయాన్ని మార్చలేదనీ, తమ ఉద్దేశం మొదటినుంచీ ఇదేననీ అన్నాడు. ఓడినవారు తాము ఓడలేదని చెప్పుకోవడానికి దారి వదలడం గెలిచినవారి విజ్ఞత. సెల్బర్ట్ దాన్ని వివాదం చేయలేదు. మరుసటి రోజు రేడియోలో మాట్లాడుతూ ఆ రోజును చరిత్రలో ఒక మలుపుగా వర్ణించింది. మే 23న రాజ్యాంగం వెలువడింది. మూడో అధికరణం రెండో భాగంలో ఆ అయిదు మాటలు ఉన్నాయి. అదే ఏడాది అక్టోబరులో ఏర్పడిన తూర్పు జర్మనీ తన రాజ్యాంగంలో సమానత్వాన్ని ప్రకటించి, దానికి విరుద్ధమైన చట్టాలన్నీ అప్పటికప్పుడే రద్దయినట్టు చెప్పింది. పశ్చిమాన మాత్రం నాలుగేళ్ళ గడువు లెక్క మొదలైంది.

ఆ గడువులోగా కొత్త కుటుంబ చట్టం రాయవలసిన పార్లమెంటులో సెల్బర్ట్ లేదు. 1949 ఎన్నికల్లో ఆమెకు స్థానం దక్కలేదు. రాజ్యాంగ న్యాయస్థానం రూపురేఖల చర్చల్లో పనిచేసిన ఆమె పేరు ఆ న్యాయస్థానం న్యాయమూర్తి పదవికి పరిశీలనకు వచ్చినా, ఆ పదవీ రాలేదు. పార్లమెంటు గడువును దాటవేసింది. భర్త తుది మాటను వదులుకోవడానికి పాలకపక్షమూ చర్చిలూ సిద్ధంగా లేవు. 1953 ఏప్రిల్ 1 తెల్లవారేసరికి, సమానత్వానికి అడ్డువచ్చే పాత నియమాలన్నీ చెల్లకుండా పోయాయి, కొత్తవేమో పుట్టలేదు. అందరూ భయపడిన శూన్యం వచ్చింది. ప్రళయం మాత్రం రాలేదు. కింది న్యాయస్థానాలు ఒక్కొక్క వ్యాజ్యంలో రాజ్యాంగ వాక్యాన్నే నేరుగా అన్వయిస్తూ తీర్పులు చెప్పసాగాయి. ఆ వాక్యం ఉత్త ఆదర్శం కాదు, నేరుగా అమలు చేయదగిన శాసనమని 1953 డిసెంబరు 18న కార్ల్స్‌రూహెలోని రాజ్యాంగ న్యాయస్థానం స్పష్టం చేసింది.

అదే సంవత్సరం అక్టోబరులో పశ్చిమ జర్మనీలో మొదటిసారి కుటుంబ శాఖ ఏర్పడింది. ఆ శాఖకు మంత్రి క్రిస్టియన్ డెమోక్రాట్ ఫ్రాంజ్ యోసెఫ్ వ్యూర్మెలింగ్, అయిదుగురు పిల్లల తండ్రి, నిష్ఠగల కాథలిక్. 1962 వరకూ ఆయనే ఆ పదవిలో ఉన్నాడు. ఆయన కాలంలో 1955 నుంచి మూడో బిడ్డ మొదలుకొని నెలకు 25 మార్కుల పిల్లల భత్యం మొదలైంది. పెద్ద కుటుంబాల పిల్లలకు రైల్లో సగం ధర టికెట్టు వచ్చింది. ఆ గుర్తింపు కార్డును జనం చాలాకాలం ఆయన పేరుతోనే పిలిచారు. ఈ పథకాలు ఎన్నో ఇళ్ళలో నిజంగా ఉపయోగపడ్డాయి. అయితే ఆయన దృష్టిలో కుటుంబం ఒక ముద్ద. దానికి తండ్రి శిరస్సు, తల్లి స్థానం ఇల్లు, దానికి ఆసరా ఇవ్వడం ప్రభుత్వ ధర్మం. సెల్బర్ట్ దృష్టిలో కుటుంబం ఇద్దరు వ్యక్తుల మధ్య సంబంధం. ఆ ఇద్దరిలో ఒకరికి తన ఆస్తి మీదా, ఉద్యోగం మీదా, పిల్లల మీదా హక్కు లేకపోతే బయటినుంచి ఎంత భత్యం వచ్చినా ఆ లోపం తీరదు. జర్మనీలో కుటుంబ విధానం గురించి ఆ తరువాత జరిగిన వాదాలన్నిటి వెనుకా ఈ రెండు చూపులే కనిపిస్తాయి.

గడువు దాటిన నాలుగేళ్ళకు, 1957లో, సమాన హక్కుల చట్టం పార్లమెంటులో గట్టెక్కి, 1958 జూలై 1న అమల్లోకి వచ్చింది. భర్త సర్వాధికారాన్ని చాటిన నియమం పోయింది. భార్య ఆస్తి నిర్వహణ ఆమెకే తిరిగి వచ్చింది. కాపురం సాగిన కాలంలో ఇద్దరి సంపదలో వచ్చిన పెరుగుదలను విడిపోయేటప్పుడు సమానంగా పంచే పద్ధతి మొదలైంది. ఇంట్లో చేసే పనికీ విలువ ఉందని చట్టం మొదటిసారి ఒప్పుకున్నట్టయింది. పాత అలవాటు మాత్రం రెండు చోట్ల మిగిలింది. వివాహ ధర్మానికీ కుటుంబ బాధ్యతలకూ భంగం కలగనంత మేరకే భార్య ఉద్యోగం చేయవచ్చు. పిల్లల విషయంలో తల్లిదండ్రులు ఏకాభిప్రాయానికి రాలేకపోతే తండ్రిదే తుది నిర్ణయం. ఈ రెండోదాన్ని 1959 జూలై 29న రాజ్యాంగ న్యాయస్థానం కొట్టివేసింది. ఆ న్యాయస్థానంలో అప్పటికి ఏకైక మహిళా న్యాయమూర్తి ఎర్నా షెఫ్లర్. పార్లమెంటు చేయలేని పనిని రాజ్యాంగంలోని అయిదు మాటలు చేయించాయి.

సెల్బర్ట్ 1958లో శాసనసభ నుంచి తప్పుకుని కాసెల్‌లోని తన కక్షిదారుల దగ్గరకు తిరిగి వెళ్ళింది. దేశం ఆమెను మరిచిపోసాగింది. 1961లో చేసిన ఒక సవరణ, నిర్దోషి అయిన జీవిత భాగస్వామి ఒప్పుకోకపోతే విడాకులు దొరకడాన్ని ఇంకా కష్టం చేసింది. 1965లో ఆడమ్ చనిపోయాడు. ఆమె తన కార్యాలయాన్ని మూయలేదు. తప్పెవరిదో తేల్చుకోవడానికి వచ్చే దంపతులు, వారి సాక్షులు, వారి రహస్యాలు ఆమె బల్ల ముందు నుంచి సాగిపోతూనే ఉన్నాయి.

1977 జూలై 1న కొత్త వివాహ చట్టం అమల్లోకి వచ్చింది. విడాకులకు దోషం నిరూపించనవసరం లేదు, దాంపత్యం విచ్ఛిన్నమైందా అన్నదే ప్రశ్న. ఇల్లు ఎవరు చూసుకోవాలో దంపతులే మాట్లాడుకుని నిర్ణయించుకోవాలి, ఉద్యోగం చేసే హక్కు ఇద్దరికీ ఉంది. కాపురం సాగిన కాలంలో కూడిన పింఛను హక్కులను విడిపోయేటప్పుడు ఇద్దరికీ పంచాలి. జీవితమంతా ఇంట్లోనే పనిచేసిన స్త్రీకి ముసలితనంలో ఒక ఆధారం దొరికింది. ఈ వ్యాజ్యాల కోసం ప్రత్యేక కుటుంబ న్యాయస్థానాలు ఏర్పడ్డాయి. సిద్ధాంత వ్యాసం రాసిన 47 ఏళ్ళకు ఆ వ్యాసం చట్టమైంది. అప్పటికి ఆమె వయసు 80 ఏళ్ళు, వృత్తి ఇంకా మానలేదు. 1930లో తాను ఊహించిన నియమం ప్రకారం న్యాయస్థానంలో వాదించగలిగేంత కాలం ఆమె బతికింది. చట్టసంస్కర్తలలో అటువంటి అదృష్టం కొద్దిమందికే దక్కుతుంది.

కొత్త తరం స్త్రీ ఉద్యమం ఆమెను వెతుక్కుంటూ వచ్చింది. 1983లో హెస్సె ప్రభుత్వం ఆమె పేరిట ఒక పురస్కారం నెలకొల్పింది. 1984లో కాసెల్ ఆమెను గౌరవ పౌరురాలిని చేసింది. సన్మానాల నడుమ ఆమె తీయని మాటలు చెప్పలేదు. చట్టసభల్లో, ఉన్నత పదవుల్లో స్త్రీలు ఇంత తక్కువగా ఉండటం నిరంతరం సాగుతున్న రాజ్యాంగ ఉల్లంఘనేనని విమర్శించింది. 1986 జూన్ 9న కాసెల్‌లో మరణించింది. వ్యూర్మెలింగ్ అదే ఏడాది మార్చిలో చనిపోయాడు.

వారి తరువాత సైతం ఆ వాక్యం పని ముగియలేదు. పెళ్ళి తరువాత దంపతులు ఇంటిపేరు ఎంచుకోకపోతే భర్త పేరే చెల్లుతుందన్న నియమాన్ని 1991లో రాజ్యాంగ న్యాయస్థానం రద్దు చేసింది. సమానత్వం నిజంగా అమలయ్యేలా ప్రభుత్వం తోడ్పడాలనీ, ఉన్న అసమానతలను తొలగించడానికి పూనుకోవాలనీ 1994లో అదే అధికరణానికి ఇంకొక వాక్యం చేర్చారు. పెళ్ళి లోపల జరిగే బలాత్కారాన్ని అత్యాచారంగా శిక్షించే సవరణ 1997లో వచ్చింది. గడప లోపలికి చట్టం చివరి అడుగు వేయడానికి అరశతాబ్దం పట్టింది.

2014లో జర్మన్ టెలివిజన్ ఆమె కథను సినిమాగా తీసింది. సెల్బర్ట్‌గా ఈరిస్ బెర్బెన్ నటించింది. సినిమాకు ఒక నాయిక కావాలి కనుక కథంతా ఆ ఒక్క చలికాలం చుట్టూ, ఆ ఒక్క మనిషి చుట్టూ తిరుగుతుంది. గిల్లె-లిన్నె పుస్తకం హెర్టా గోట్‌హెల్ఫ్‌నూ, పేరు తెలియని వందలాది స్థానిక కార్యకర్తలనూ తిరిగి వేదిక మీదికి తెస్తుంది. అంతమాత్రాన సెల్బర్ట్ స్థాయి తగ్గదు. ఆ చలికాలానికి ముందు మూడు దశాబ్దాలు ఆమె టెలిగ్రాఫ్ కార్యాలయంలో, పిల్లల పక్కన పెట్టుకున్న పాఠ్యపుస్తకాల్లో, కాలిపోయిన కాసెల్‌లో విడాకుల కాగితాల మధ్య గడిపింది. ముసాయిదాలో ‘పౌర’ అన్న ఒక్క మాట దగ్గర ఆమె చూపు ఆగిందంటే, ఆ మాట బయట వదిలేసిన స్త్రీలను ఆమె తన బల్ల ముందు రోజూ చూసి ఉండటమే కారణం.